గెలిపించి పంపిన మనిషిని ఖాళీగా కూర్చోబెట్టకండి: సభాధ్యక్షులకు, పార్టీల అధ్యక్షులకు బహిరంగ లేఖ

లోక్‌సభ స్పీకర్ గారికి, రాజ్యసభ చైర్మన్ గారికి, అన్ని పార్టీల అధ్యక్షులకు, ఉభయ సభల్లో ఆయా పార్టీల నాయకులకు,

నమస్కారం.

ఈ లేఖలో ఉన్నవి మీకు కొత్త విషయాలేమీ కావు. ఇవే సంగతులు విడివిడిగా మీ కార్యాలయాలకు ఇదివరకే రాశాను. కొన్నింటికి "మీ లేఖ అందింది, తగు చర్య నిమిత్తం సంబంధిత విభాగానికి పంపడమైనది" అని జవాబు వచ్చింది. ఆ సంబంధిత విభాగం ఏదో ఇప్పటికీ నాకు తెలీదు. పార్టీ ఆఫీసుల నుంచి ఆ మాత్రం జవాబు కూడా రాలేదు. అందుకే ఇప్పుడు నలుగురి ముందూ పెడుతున్నాను.

నేనెవరో కూడా చెప్పాలి కదా. మొదటిసారి గెలిచి ఢిల్లీ వచ్చిన ఒక ఎంపీ దగ్గర కొంతకాలం సహాయకుడిగా పనిచేశాను. ఆయన పేరు, పార్టీ, నియోజకవర్గం చెప్పను. చెబితే అసలు విషయం పక్కకుపోయి రాజకీయం మిగులుతుంది, పైగా రేపు టికెట్ దగ్గర ఆయనకే ఇబ్బంది. మనిషి నిజాయితీపరుడు, చదువుతాడు, బిల్లు కాగితాలు చేతికొస్తే పెన్సిల్ పట్టుకుని ఒక్కో క్లాజు కిందా గీతలు పెట్టుకుంటూ కూర్చుంటాడు. "రాజకీయాల్లోకి మంచివాళ్లు రావాలి" అని మనందరం అంటుంటామే, అదిగో ఆ రకం మనిషి.

ఒక బిల్లులో అధికారి ఇచ్చిన ఉత్తర్వు మీద అప్పీలుకు ముప్పై రోజుల గడువు పెట్టారు. ఆ ముప్పై రోజులు ఉత్తర్వు మీద సంతకం పడ్డ రోజు నుంచా, కాగితం మనిషి చేతికి అందిన రోజు నుంచా అన్నది ఎక్కడా రాయలేదు. పైకి చిన్న సంగతే. కానీ కాగితం ఇరవై ఎనిమిదో రోజున అందిన రైతుకో, పెన్షన్‌దారుకో అదే సర్వస్వం. మా ఎంపీ గారు "అందిన తేదీ నుంచి" అని చేర్చాలంటూ ఒక సవరణ రాసి, గడువులోపే నోటీసు ఇచ్చారు. మర్నాడు ఫ్లోర్ లీడర్ (సభలో పార్టీ నాయకుడు) ఆఫీసు నుంచి ఫోన్ వచ్చింది: "బిల్లుకి మనం సపోర్ట్ చేస్తున్నాం, సవరణలవీ వద్దు, విప్ వస్తుంది." విప్ అంటే ఇలాగే ఓటేయాలన్న పార్టీ ఆదేశం. సభలో ఆయన పేరు పిలిచినప్పుడు సగం లేచి "నాట్ మూవింగ్, సర్" (సవరణ ప్రతిపాదించడం లేదు) అని కూర్చున్నారు. బిల్లు పాసైంది. ఆ సవరణ తప్పని ఎవరూ అనలేదు, అసలు దాన్ని చదివినవాళ్లే లేరు.

మంచివాళ్లు ఢిల్లీ వెళ్లి చెడిపోతారని జనం అనుకుంటారు. నేను చూసినంతలో చాలామంది చెడిపోవడం లేదు, పనిలేకుండా పోతున్నారు. వాళ్లని అలా కూర్చోబెట్టే ఏర్పాట్లు మీ చేతిలో ఉన్నాయి కాబట్టి ఈ లేఖ మీకే.

1. ముందుగా ఓటు సంగతి, అసలు తంటా ఇక్కడే ఉంది. 1985లో 52వ రాజ్యాంగ సవరణతో పదో షెడ్యూలు, అంటే పార్టీ ఫిరాయింపుల నిరోధక చట్టం, వచ్చింది. పార్టీ ఆదేశానికి విరుద్ధంగా ఓటేసినా, ఓటేయకుండా ఊరుకున్నా, ముందస్తు అనుమతి లేకపోతే సభ్యత్వం పోతుంది. ప్రభుత్వం పడిపోయే ఓటింగా, ఏదో మామూలు బిల్లులో ఒక క్లాజు మీద ఓటింగా అన్న తేడా అందులో లేదు. దీనివల్ల ఎంపీకి మాత్రమే నష్టమైతే నేనింత రాసేవాణ్ణి కాదు. మంత్రి గారు తన బిల్లు గురించి సొంత పార్టీ ఎంపీలను కూడా ఒప్పించాల్సిన అవసరం లేకుండా పోయింది, అసలు ప్రమాదం అది. ఒప్పించనక్కర్లేనప్పుడు వివరించనక్కర్లేదు, వివరించనక్కర్లేనప్పుడు బిల్లు రాసేవాడు కూడా అంత జాగ్రత్తగా రాయడు. చివరికి ఆ లొసుగు బయటపడేది సభలో కాదు, ఏ మండలాఫీసు కౌంటర్ దగ్గరో.

ఈ చట్టం రాకముందు పరిస్థితి వేరు. 1957లో ఎల్ఐసీ డబ్బు వ్యాపారి హరిదాస్ ముంధ్రా కంపెనీల్లో పెట్టిన వ్యవహారాన్ని లోక్‌సభలో బయటికి లాగింది ప్రతిపక్షం కాదు, అధికార పార్టీ సభ్యుడు ఫిరోజ్ గాంధీ, ప్రధానమంత్రికి స్వయానా అల్లుడు. 1958 ఫిబ్రవరిలో ఆర్థిక మంత్రి టి.టి. కృష్ణమాచారి రాజీనామా చేయాల్సి వచ్చింది. ఇవాళ కూడా ఒక అధికార పక్ష సభ్యుడు లేచి మాట్లాడొచ్చు, రాజ్యాంగం 105వ అధికరణం మాట్లాడే స్వేచ్ఛ ఇచ్చింది, కానీ మాట్లాడిన దానికి తగ్గట్టు ఓటు వేయలేడు. ఓటు లేని మాటకి మంత్రి ఎందుకు భయపడతాడు?

"విప్ తీసేస్తే మళ్లీ పూటకో పార్టీ మార్చే ఆయారాం గయారాంలు వస్తారు, ప్రభుత్వాలు కొనేస్తారు" అని మీలో చాలామంది అంటారు. ఆ భయం ఉత్తదేమీ కాదు, 1967 తర్వాత జరిగింది దేశం చూసింది. కానీ విప్ మొత్తం తీసేయమని ఎవరన్నారు? 1990లో దినేశ్ గోస్వామి కమిటీ అనర్హత వేటును విశ్వాస ఓటింగు వంటి కొన్నింటికే పరిమితం చేయమంది. 1992లో కిహోటో హోలోహన్ కేసులో సుప్రీంకోర్టు ఈ చట్టాన్ని సమర్థిస్తూనే, ప్రభుత్వ మనుగడకు సంబంధించినవి, పార్టీ ప్రజల ముందు పెట్టిన ముఖ్య విధానాలకు సంబంధించినవి, వీటి వరకే దాన్ని వర్తింపజేయాలని చెప్పింది. 1999లో లా కమిషన్ కూడా ప్రభుత్వం ప్రమాదంలో ఉన్నప్పుడే విప్ వాడమని రాసింది. 2010లో కాంగ్రెస్ ఎంపీ మనీశ్ తివారీ ఇదే విషయం మీద ప్రైవేటు మెంబరు బిల్లు (మంత్రి కాని సభ్యుడు సొంతంగా పెట్టే బిల్లు) పెట్టారు. ఇంతమంది చెప్పాక కూడా విప్ మాత్రం అన్నింటికీ వస్తూనే ఉంది. బ్రిటన్‌లో 2019 సెప్టెంబరులో 21 మంది అధికార పార్టీ ఎంపీలు సొంత ప్రభుత్వానికి వ్యతిరేకంగా ఓటేశారు, పార్టీ వాళ్లని పార్లమెంటరీ పక్షం నుంచి బయటికి పంపింది, కానీ ఎంపీ పదవులు పోలేదు. పార్టీ కోపం పార్టీ వరకే ఆగింది. మనదగ్గర పార్టీకి కోపమొస్తే లక్షలమంది ఓటర్లు ఎంచుకున్న మనిషి ఇంటికి పోతాడు.

2. సరే, ఫిరాయింపులైనా ఆగాయా అంటే అదీ లేదు. చిల్లరగా పార్టీ మారితే తప్పు, మూడింట రెండొంతుల మంది కలిసి మారితే విలీనం. ఇక ఒక్కొక్కరుగా మారినవాళ్ల మీద పిటిషన్ పడితే, తేల్చాల్సిన సభాపతి తేల్చరు. 2020లో మణిపుర్ కేసులో సుప్రీంకోర్టు మామూలుగా మూడు నెలల్లో తేల్చాలంది. అయినా తెలంగాణలో బీఆర్ఎస్ నుంచి గెలిచిన పదిమంది ఎమ్మెల్యేల విషయం మళ్లీ సుప్రీంకోర్టు దాకా వెళ్లింది, 2025 జులై 31న మూడు నెలల్లో తేల్చమని సభాపతికి చెప్పాల్సి వచ్చింది. ఇది ఒక్క పార్టీ పాపమని నేననడం లేదు, మన రెండు రాష్ట్రాల్లోనూ అధికారంలో ఉన్న ప్రతి పార్టీ ఈ పని చేసింది, ప్రతిపక్షంలోకి రాగానే ఇదే పనిని తిట్టింది. కొత్తగా వచ్చిన నిజాయితీ గల ఎంపీకి దీంట్లోంచి అందే పాఠం ఏంటి? ఒక క్లాజు మీద మనస్సాక్షి ప్రకారం ఓటేస్తే పదవి పోతుంది, ఏకంగా పార్టీయే మారిపోతే మాత్రం నెలల తరబడి భద్రంగా ఉంటుంది.

సభాపతి కుర్చీ గురించి మాట్లాడేటప్పుడు మన తెలుగువాళ్లనే గుర్తుచేస్తాను. 1967లో నీలం సంజీవరెడ్డి స్పీకర్‌గా ఎన్నిక కాగానే పార్టీకి రాజీనామా చేశారు. 1999 ఏప్రిల్ 17న వాజ్‌పేయి ప్రభుత్వం ఒక్క ఓటుతో పడిపోయిన రోజున, అప్పటికే ఒడిశా ముఖ్యమంత్రిగా ఉన్న గిరిధర్ గమాంగ్ ఎంపీగా ఓటేయొచ్చా లేదా అన్న వివాదం వస్తే, స్పీకర్ జి.ఎం.సి. బాలయోగి ఆ నిర్ణయాన్ని ఆయన విజ్ఞతకే వదిలేశారు. తను ఏ కూటమి మద్దతుతో ఆ కుర్చీలో కూర్చున్నారో ఆ కూటమికే దాంతో నష్టం జరిగింది. ఆ నిర్ణయం సరైందా కాదా అని ఇప్పటికీ వాదించేవాళ్లున్నారు. కుర్చీ మాత్రం ఎవరి పక్షమూ ఒంగలేదు.

3. టైమ్. మొదటి లోక్‌సభ ఏడాదికి సగటున 135 రోజులు కూర్చుంది. 17వ లోక్‌సభ ఏడాదికి 55 రోజులు. ఐదేళ్లు పూర్తిగా నడిచిన లోక్‌సభల్లో ఇదే అతి తక్కువ. 15వ లోక్‌సభలో నూటికి 71 బిల్లులు కమిటీల పరిశీలనకు వెళ్తే, 17వ లోక్‌సభలో 16 మాత్రమే వెళ్లాయి. ఆ సభలోనే మూడో వంతుకు పైగా బిల్లులు లోక్‌సభలో గంట చర్చ కూడా లేకుండా పాసయ్యాయి.

గంట అంటే ఎంతో లెక్కేయండి. మంత్రి ప్రారంభోపన్యాసం, చివర్లో జవాబు తీసేస్తే మిగిలేది కొంచెం, దాన్ని పార్టీల బలాన్ని బట్టి పంచుతారు. మీ పార్టీ వాటాలో ఎవరు మాట్లాడాలో మీ నాయకుడు జాబితా ఇస్తాడు, ఆ జాబితాలో మొదటిసారి గెలిచినవాడి పేరు చివర ఉంటుంది. పేరు వచ్చేసరికి మూడు నిమిషాలు. రెండో నిమిషంలో బెల్ మోగుతుంది, మూడోది దాటాక మైక్ ఆగిపోతుంది. మా ఎంపీ గారు రాత్రంతా కూర్చుని తయారుచేసుకున్న పాయింట్లలో మొదటి రెండు చెప్పి, "మిగతాది లే చేస్తున్నాను (రాతలో సభకు సమర్పిస్తున్నాను) సర్" అని కాగితాలు ఇచ్చేయడం నేను గ్యాలరీలోంచి చూశాను. పొద్దున్నే వచ్చిన కార్యక్రమాల జాబితాలో లేని బిల్లు మధ్యాహ్నం అనుబంధ జాబితాలో ప్రత్యక్షమైతే ఆ రెండు పాయింట్లు కూడా ఉండవు.

దీని ఖరీదు ఎవరు కట్టారో ఉదాహరణ కావాలంటే వ్యవసాయ చట్టాలు చూడండి. వాటి మంచిచెడ్డల జోలికి నేను పోవడం లేదు. 2020 సెప్టెంబరు 20న రాజ్యసభలో ప్రతిపక్షం కమిటీకి పంపమంది, డివిజన్ (ఎవరెటో లెక్కపెట్టే ఓటింగు) అడిగింది. అడిగినవాళ్లు తమ సీట్లలో లేరన్న కారణం చెప్పి మూజువాణి ఓటుతోనే పాస్ చేశారు. సభలో జరగాల్సిన వాదన ఢిల్లీ సరిహద్దుల్లో ఏడాదికి పైగా జరిగింది, ఎండలో చలిలో రైతులు రోడ్ల మీద కూర్చున్నారు. 2021 నవంబరు 29న ఆ చట్టాలను రద్దుచేసే బిల్లునైనా చర్చించారా అంటే, లోక్‌సభలో అదీ చర్చ లేకుండానే పాసైంది. చట్టం చేయడానికీ చర్చ లేదు, తీసేయడానికీ చర్చ లేదు! 2023 డిసెంబరులో మూడు కొత్త నేర చట్టాలు పాసయ్యేనాటికి ఉభయ సభల్లో కలిపి 146 మంది ప్రతిపక్ష సభ్యులు సస్పెన్షన్‌లో ఉన్నారు. రేపు పోలీస్ స్టేషన్ మెట్లెక్కే ప్రతి మనిషికీ వర్తించే చట్టాలవి. సభలో అల్లరి చేసినవాళ్లను నేను వెనకేసుకు రావడం లేదు, ప్లకార్డులు పట్టుకుని సభాపతి కుర్చీ ముందుండే వెల్‌లోకి దూకడమే పని అనుకునే ఎంపీల మీద నాకూ కోపముంది. కానీ క్రమశిక్షణ నేర్పడానికి ఆ వారమే దొరికిందా?

4. మూజువాణి ఓటు గురించి ఇంకో మాట. "అనుకూలురు అవునండి, వ్యతిరేకులు కాదండి" అని అరిపించి పాస్ చేస్తే ఎవరెటు ఓటేశారో రికార్డులో ఉండదు. అంటే నేను ఎన్నుకున్న ఎంపీ నా బతుకును మార్చే చట్టానికి ఏ పక్షాన నిలబడ్డాడో తెలుసుకునే దారి ఓటరుగా నాకు లేదు. ఐదేళ్ల తర్వాత మళ్లీ ఓటేయమంటారు, దేన్ని చూసి వేయాలి?

5. నోటిమాట హామీలు. 2014 ఫిబ్రవరి 18న ఆంధ్రప్రదేశ్ పునర్వ్యవస్థీకరణ బిల్లు లోక్‌సభలో పాసవుతున్నప్పుడు ప్రత్యక్ష ప్రసారం ఆగిపోయింది, సాంకేతిక లోపం అన్నారు. విభజన సరైందా కాదా అన్న వాదనలోకి నేను వెళ్లను, ఆ విషయంలో రెండు రాష్ట్రాల పాఠకులకూ చెరో అభిప్రాయం ఉంటుంది, ఉండనివ్వండి. కానీ అంత పెద్ద చట్టం చేస్తున్న రోజున కోట్లమంది తెలుగువాళ్లకు తమ ఎంపీలు ఏం చేస్తున్నారో కనపడలేదు. రెండు రోజులకు రాజ్యసభలో ప్రధాని మన్మోహన్ సింగ్ ఆంధ్రప్రదేశ్‌కు ఐదేళ్లు ప్రత్యేక హోదా ఇస్తామని చెప్పారు. సభలో చెప్పిన మాటే, కానీ చట్టంలో రాసిన మాట కాదు. తర్వాత ఏమైందో చిన్నపిల్లలు కూడా చెప్తారు. సవరణలకు విలువ లేని సభలో హామీలే దిక్కు, హామీని నిలబెట్టుకోకపోతే కోర్టుకు పోయే దారీ ఉండదు.

6. ప్రశ్నలు, సొంత బిల్లులు. లోక్‌సభలో రోజుకు మౌఖిక జవాబు కోసం తీసుకునేది 20 స్టార్‌డ్ ప్రశ్నలు, అవీ లాటరీలో వస్తాయి, గంటలో వాటిలో కొన్నే నడుస్తాయి, గొడవ జరిగితే ఒక్కటీ నడవదు. ప్రైవేటు మెంబరు బిల్లులకు శుక్రవారం చివరి రెండున్నర గంటలు, అప్పటికి సగం సభ ఎయిర్‌పోర్టులో ఉంటుంది. స్వతంత్రం వచ్చాక చట్టాలైన ప్రైవేటు మెంబరు బిల్లులు 14, చివరిది 1970లో. 2015లో డీఎంకే సభ్యుడు తిరుచ్చి శివ ట్రాన్స్‌జెండర్ల హక్కుల బిల్లును రాజ్యసభలో పాస్ చేయించుకోగలిగారు, లోక్‌సభలో మాత్రం అది ముందుకు సాగలేదు.

7. ఇక ఇంటి దగ్గర. చట్టం చేసే పని లేకుండా పోయిన ఎంపీ ఏం చేస్తాడు? లెటర్లు ఇస్తాడు. తిరుమల దర్శనానికి లెటర్, రైల్వే ఎమర్జెన్సీ కోటాకి లెటర్, బదిలీకి లెటర్. 2022లో కేంద్రీయ విద్యాలయాల్లో ఎంపీ కోటా తీసేసినప్పుడు మా ఆఫీసు ముందు జనం కాస్త తగ్గారు, అంతకుమించి తేడా లేదు. ఎంపీ ల్యాడ్స్ (ఎంపీల నియోజకవర్గ అభివృద్ధి నిధి) కింద ఏడాదికి 5 కోట్లు ఉంటాయి, ఏడు అసెంబ్లీ సెగ్మెంట్లకు పంచితే ఒక్కోదానికి 71 లక్షలు, ఓ సిమెంటు రోడ్డు, ఓ కమ్యూనిటీ హాలు. ఇందులో మా ఓటర్ల తప్పు లేదా అంటే ఉంది, చాలా ఉంది. పెళ్లికి రాలేదని ఎంపీ మీద అలిగినవాళ్లను చూశాను, సభలో ఆయన ఏం మాట్లాడారో అడిగినవాళ్లను మాత్రం వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. పార్లమెంటు అభ్యర్థి ఖర్చు పరిమితి మన రాష్ట్రాల్లో 95 లక్షలు అని కాగితం మీద ఉంది, ఆ మాట వింటే ఊళ్లో టీ కొట్టు దగ్గర కూడా నవ్వుతారు. ఆ ఖర్చు పెట్టలేని మంచి మనిషికి టికెట్ దయతో వస్తుంది. దయతో వచ్చిన టికెట్ మీద గెలిచినవాడు విప్‌ని కాదనే ఆలోచన కూడా పెట్టుకోడు.

ఇవన్నీ దృష్టిలో పెట్టుకుని మేం అడుగుతున్నవి ఇవి:

1. విప్‌ని విశ్వాస, అవిశ్వాస తీర్మానాలకు, బడ్జెట్ వంటి ఆర్థిక బిల్లులకు పరిమితం చేయండి. దీనికి రాజ్యాంగ సవరణ కావాలని తప్పించుకోవద్దు. పదో షెడ్యూలులోనే "ముందస్తు అనుమతి" అన్న మాట ఉంది, ఓటేసిన పదిహేను రోజుల్లోపు పార్టీ మన్నించొచ్చన్న మాట కూడా ఉంది. మిగతా బిల్లుల్లో మా సభ్యులు తమ ఇష్టప్రకారం ఓటేయొచ్చని పార్టీ అధ్యక్షుడు ఒక్క సర్క్యులర్ ఇస్తే చాలు.

2. ప్రతి బిల్లూ స్థాయీ సంఘానికి (స్టాండింగ్ కమిటీకి) వెళ్లడం మామూలు పద్ధతి కావాలి. పంపకపోతే ఎందుకు పంపలేదో మంత్రి రాతపూర్వకంగా సభ ముందు పెట్టాలి. బిల్లు ప్రతి చేతికి అందాక చర్చకు కనీసం రెండు వారాలు ఆగాలి.

3. బిల్లు ఆమోదం పొందే చివరి ఓటు ఎప్పుడూ పేర్లతో సహా నమోదవ్వాలి. బటన్లు, బోర్డులు అన్నీ సభలో ఉన్నాయి.

4. రాజ్యాంగ పనితీరు సమీక్షా కమిషన్ 2002లోనే లోక్‌సభ కనీసం 120 రోజులు, రాజ్యసభ 100 రోజులు కూర్చోవాలని చెప్పింది. ఆ సంఖ్యను నియమావళిలో చేర్చండి, ఏడాది క్యాలెండర్ ముందే ప్రకటించండి.

5. అనర్హత పిటిషన్లు మూడు నెలల్లో తేలాలి. అలాగే డిప్యూటీ స్పీకర్ ఎన్నిక. వీలైనంత త్వరగా ఎన్నుకోవాలని 93వ అధికరణం చెబుతుంటే 17వ లోక్‌సభ ఐదేళ్లూ డిప్యూటీ స్పీకర్ లేకుండానే గడిపేసింది.

6. సభలో మంత్రులు నోటితో ఇచ్చిన హామీ చట్టానికి సంబంధించినదైతే అదే బిల్లులో సవరణగా రావాలి.

వీటిలో రెండు నుంచి ఆరు వరకు ఉన్నవాటికి సమయం పడుతుందని తెలుసు. మొదటిదానికి పట్టదు. అందుకే పార్టీల అధ్యక్షుల నుంచి వచ్చే సమావేశాలు మొదలయ్యేలోపు ఒక్క విషయం మీద రాతపూర్వక జవాబు కోరుతున్నాను: మీ పార్టీ ఏయే రకాల బిల్లులకు విప్ జారీ చేయదు? అన్నింటికీ చేస్తామంటే అదే రాయండి, ఎందుకో కూడా రాయండి. జవాబు ఏ పార్టీ నుంచి వచ్చినా ఒక్క అక్షరం మార్చకుండా బయటపెడతాను, రాని పార్టీల పేర్లు కూడా ఆ పక్కనే ఉంటాయి.

ఇట్లు,
ఒక ఓటరు, ఒకప్పటి ఎంపీ సహాయకుడు